బస్సు దించినకాడ పెట్టిన పొయ్యి

మా ఇంటి సంగతి ఇన్నేండ్లు ఎందుకు రాయలేదంటే నాకు అక్షరాలు రాకుండె. అరవై దగ్గర పడ్డంక మా గల్లీ అంగన్‌వాడీ అర్రల సాయంత్రం పూట ఒక టీచరమ్మ ఆడవాళ్ళను కూసోబెట్టి చదువు చెప్పింది. నా వేళ్ళకు జొన్నరొట్టె కొట్టుడే అలవాటు. గుండ్రంగ రావలసిన అక్షరం పలక మీద రొట్టె లెక్క పరుచుకునేది. ఒత్తులు పట్టుబడేసరికి ఒక వానకాలం పోయింది. అయితే రాయొచ్చినంక కూడ నేను రాయలేదు. ఊడ్చే ఇంటి గురించి ఏం రాస్తాం? చీపురు చేతిల ఉన్నన్ని దినాలు ఇల్లు పనిగనే కనబడుతది. ఇప్పుడు ఆ ఇల్లు లేదు, ఊడ్చే పని లేదు. అందుకే కూసున్న.

మేము కొత్త జాగకు వచ్చిన సాయంత్రం సంగతి ఇది. కర్దనూర్ దాటినంక రాళ్ళ మిట్ట మీద గీసిన ప్లాట్లల్ల మాదొక్కటే ఇల్లు లేచింది. మిగిలిందంతా సున్నపు గీతలు, మూలమూలకు పాతిన తెల్ల రాళ్ళు. జెర దూరంల ఎవరిదో సగం లేచిన బంగ్లా, దాని పక్కన నీలి తార్పాలిన్ కప్పిన రేకుల షెడ్డు. అంతే. ట్రాలీ ఆటో సామాను దించి పోయింది. కొడుకు సుల్తాన్‌పూర్ కంపెనీల డ్యూటీల ఉన్నడు. పొద్దు వాలుతున్నది. మా ఆయన ఇనుప పెట్టె మీద కూసోని, తాడుతోటి కట్టి గోడకు ఆనించిన మంచాన్ని చూసుకుంట చాలాసేపు దగ్గిండు. కంపెనీ ఆయనకు పెన్షన్ కన్న ముందు దగ్గు ఇచ్చింది. తర్వాత అడిగిండు.

"ఏమే, ఈడ ఉంటవా? ఉండలేనంటే ఇప్పుడే చెప్పు. పటాన్‌చెరుల రెండర్రలు కిరాయికి చూస్త. సామాను ఇంక విప్పనే లేదు."

ఉంటనంటే అబద్ధం, పోదామంటే సిగ్గు. ఈ ఇంటికి ఉన్నదంతా పెట్టినం. అట్లని ఈ రాళ్ళల్ల మళ్ళ మొదటి నుంచి మొదలుపెట్టే సత్తువ నా మోకాళ్ళల్ల లేదు. అప్పుడే మా కోడలు గోనెసంచిల నుంచి మూతి పగిలిన మట్టికుండ ఒకటి తీసింది. లోపలంతా మసి. "అత్తమ్మా, ఇది పడేద్దునా? దేనికి పనికొస్తది?" అని అడిగింది. ఇటియ్యి అని తీసుకొని ఒళ్ళె పెట్టుకున్న. ఆ కుండ మా అత్తది. దానితోటే ఆమె వచ్చింది. ఆమె వచ్చినంకనే మా గల్లీ వచ్చింది.

మా అత్తమామలది జోగిపేట అవతల ఊరు. భూమి ఉండె, బాయి ఉండె, వానలే లేకుండె. వరుసగ కరువు పడి చెరువు నెర్రెలు ఇచ్చినంక, పటాన్‌చెరుల కంపెనీలు లేస్తున్నయి, కూలి దొరుకుతదని మామ దాయాది ఒకాయన కబురు పంపిండు. మా అత్త రెండు వస్తువులు పట్టుకొని బయలెల్లింది. ఒకటి ఇసుర్రాయి. జొన్నలు లేవు గని ఇసుర్రాయి ఉన్నది. రెండోది ఈ కుండ, దాంట్ల నిప్పు. ఆ ఇంట్ల పొయ్యికి అగ్గిపుల్ల గీసిన యాది ఎవరికీ లేదట. మాపటికి నిప్పుల మీద బూడిద కప్పుడు, పొద్దుగాల బూడిద జరిపి ఊదుడు, తరతరాలుగ అదే నిప్పు. వాళ్ళ అత్త ఇంకా బతికే ఉండె. ఆమె పిడకల నిప్పు కుండల పోసి, మీద బూడిద కప్పి, "యాడ ఆగితే ఆడ ఇదే పెట్టు" అని కోడలు చేతిల పెట్టిందట. బంగారం పెట్టే తాహతు లేకుండె గద, నిప్పు పెట్టింది.

ఆ నిప్పుతోటి మా అత్త బస్సెక్కింది. కుండను గంపల పెట్టి, గంపను కాళ్ళ సందున పెట్టుకొని, మీద కొంగు కప్పి కూసున్నది. సంగారెడ్డి దాటేదాక ఏం కాలేదు. కంది దాటినంక కండక్టరుకు పొగ వాసన వచ్చింది. ఇంజన్ కాలుతున్నదనుకొని బస్సు ఆపించిండు. డ్రైవరు కిందికి దిగి బానెట్ లేపి, నీళ్ళు పోసి, ఏం కానరాక తల గోక్కున్నడు. మగవాళ్ళంతా దిగి ఇంజన్ చుట్టూ నిలబడి తలా ఒక సలహా ఇచ్చిన్రు. మా మామ కూడ దిగి ఇచ్చిండట. ఆయనకు ఇంజన్ అంటే ఏందో తెల్వదు, పొగ యాడిదో మాత్రం బాగ తెలుసు. మళ్ళ బస్సు కదిలింది, మళ్ళ వాసన. ఈసారి కండక్టరు సీటు సీటుకు వంగి చూసుకుంట వచ్చి మా అత్త కొంగు కాడ ఆగిండు.

"ఏం తల్లీ, మమ్మల్నందర్ని కాలవెట్టి పోదామనుకున్నవా?"

"కాలది బిడ్డా, బూడిద కప్పిన" అన్నదట మా అత్త. అదేదో ఆయన భయం తీరుస్తదన్నట్టు. నిప్పన్న పారబోయి, నువ్వన్న దిగు అన్నడు కండక్టరు. పారబోయి అన్నడు మామ. మా అత్త దిగింది. మామ కొంచెంసేపు మెట్టు మీద నిలబడి, బస్సు దిక్కు, పెండ్లాం దిక్కు చూసి, ఇసుర్రాయి ఎత్తుకొని తనూ దిగిండు. ఈ ముచ్చట మా ఇంట్ల వందసార్లు చెప్పుకున్నరు. చెప్పినప్పుడల్లా ఇసుర్రాయి బరువు పెరిగేది.

ఆ దిగిన జాగ ఇటు రుద్రారం కాదు, అటు ఇస్నాపూర్ కాదు. రోడ్డుకు ఒక దిక్కు ఏదో కంపెనీ గోడ లేస్తున్నది, ఇంకో దిక్కు బండలు, సర్కారు తుమ్మ. పటాన్‌చెరు దాక నడుద్దామనుకున్నరు. కానీ గాలికి బూడిద లేచిపోయి నిప్పు చిన్నబోయింది. దానికి జెర మేత పెట్టి పోదామని తుమ్మపుల్లలు ఏరి పొయ్యి పెట్టింది. మూడు రాళ్ళు అక్కడే ఉన్నయట, మసి పట్టినవి. ఎవరో గొర్లోళ్ళు వండుకొని పోయిన రాళ్ళు. ఈ మాట మా అత్త ఎప్పుడు చెప్పినా గొంతు తగ్గించి చెప్పేది. పొయ్యి మండుతున్నది గద, ఆకలైతున్నది, కొంగుల కట్టుకొచ్చిన నూకలతోటి గటక పెట్టు అన్నడు మామ. పెట్టింది. తిన్నరు. ఇగ లే, పోదాం అన్నడు. అప్పుడు యాదికొచ్చింది మా అత్తకు. తెచ్చిన నిప్పు ఒకసారి పొయ్యెక్కి బువ్వ ఉడికించినంక, ఆ నెల అమాస దాటేదాక దాన్ని లేపొద్దు. లేపితే ఇల్లు నిలువది. వాళ్ళ దిక్కు ఆ పట్టింపు గట్టిది. ఆ సంగతి గటక పెట్టమన్న మామకు తెలుసు, పెట్టిన అత్తకు తెలుసు. ఆకలిల ఇద్దరూ మరిచిన్రు.

అట్ల ఉండిపోయిన్రు. అమాసదాక చెట్టుకింద ఉండాలె గద అని మామ ఎదురుంగ కంపెనీ గోడకు రాళ్ళు మోసే కూలికి పోయిండు. అమాస దాటింది. గోడ పని అయిపోలేదు. గోడ అయిపోయేసరికి గోడకు కావలి కావల్సొచ్చింది. కావలి నుంచి లోపలి పనికి తీసుకున్నరు. పటాన్‌చెరు దాయాది ఎన్నడన్న పండుగకు వచ్చి, "వదినె ధైర్యమే ధైర్యం, ఎవ్వరూ లేని జాగల ఊరు నిలబెట్టింది" అని మెచ్చుకుంటే, మా అత్త మొకం తిప్పుకొని, "నేను నిలబెట్టలే, కండక్టరు దించిండు" అనేది.

దించినంక అయిన చాకిరంతా మాత్రం ఆమెదే. తుమ్మకంప నరికింది, బండల కింద తేళ్ళను కొట్టింది, కంపెనీ వాళ్ళు గోడ తడిపే గుంతల నుంచి నీళ్ళు మోసింది. ఆ మోతకు ఆమె మెడ ఒక దిక్కు వంగింది, మళ్ళ సక్కగ కాలేదు. కోడలిగ నేను వచ్చేసరికి గుడిసె పోయి రేకుల ఇల్లు అయ్యింది, చుట్టూ గల్లీ అయ్యింది. నారాయణ్‌ఖేడ్ నుంచి వచ్చిన్రు, జహీరాబాద్ నుంచి వచ్చిన్రు, తర్వాత తర్వాత బీహారోళ్ళు వచ్చిన్రు. వచ్చినోళ్ళు ఎవరైనా పొద్దుగూకే బస్సుకే వచ్చేటోళ్ళు. దీపాల యాల్లకు ఇంట్ల నిప్పు బయటికి ఇయ్యరు. వచ్చినోళ్ళేమో పొయ్యి పెట్టుకోవాలె. మా అత్త దీనికి ఒక తొవ్వ తీసింది. వచ్చిన పూట ఎవరూ పొయ్యి ముట్టియ్యొద్దు, మా ఇంట్లనే తినాలె. తెల్లారినంక కుండ పట్టుకొని వస్తే నిప్పు ఇస్తది. "ఈ పూట మా పొయ్యి, రేపటి సంది మీ పొయ్యి" అని రొట్టె, పచ్చిపులుసు ముందట పెట్టేది. అగ్గిపెట్టెలు దుకాణంల అమ్మబట్టినంక కూడ ఆ రివాజు అట్లనే నడిచింది.

వినడానికి బాగనే ఉంటది. ఆ రొట్టెలు కొట్టింది నేను. ఎవరొస్తరో రారో తెల్వకుండ రోజూ ఒక ఇంటికి సరిపోయే పిండి ఎక్కువ తడపాలె. చేతులు గుంజేవి. ఎవరూ రాని దినాలే ఎక్కువ. ఆ రొట్టెలు తిని మా వాకిట్ల కుక్క ఎంత బలిసిందంటే దొంగలొస్తే లేవడానికి కూడ బద్ధకించేది. ఒకనాడు నా ఓపిక అయిపోయి, ఇగ ఎవరొస్తరు అత్తమ్మా, గల్లీ నిండింది గద అన్న. ఆమె రోడ్డు దిక్కు చూసి, "ఆఖరి బస్సు ఇంక రాలే" అన్నది. నేను మళ్ళ పీట ముందట కూసున్న.

అట్ల నిప్పు తీసుకున్నోళ్ళల్ల జహీరాబాద్ నుంచి వచ్చి, గల్లీల అందరం ఖాలా అని పిలిచే ఆమె ఒకతి. మా ఇంటికి మూడో ఇల్లు. ఇంటాయన సైకిళ్ళకు పంక్చర్లు వేసేటోడు, ఆమె బట్టలు కుట్టేది. మా అత్తకు ఆమెకు రోజూ ఏదో ఒకటి కొట్లాట. మీ కోడి నా బట్టల మీద తిరిగిందని ఆమె, మీ సూది నా వాకిట్ల పడ్డదని ఈమె. ఒక ఎండకాలం గాలివాన వచ్చి మా వంటింటి రేకు ఎగిరిపోయింది. పొయ్యిల మోకాలు లోతు నీళ్ళు. మా అత్త అప్పటికి బాగ ముసలిదైంది. వాన వెలిసినంక పొయ్యి ముందట కూసోని, తడిసిన బూడిదల చెయ్యి పెట్టి అట్లనే ఉన్నది. బువ్వ తినలేదు. ఇంట్ల గ్యాసు ఉన్నది, అగ్గిపెట్టె ఉన్నది. అయినా వాటితోటి ఆ పొయ్యిని ఎవ్వరం ముట్టియ్యలేదు. తెల్లారి ఖాలా ఇనుప సిగిడి పట్టుకొని వచ్చింది, ఎర్రగ నిప్పులున్నయి దాంట్ల. మా అత్త ముందట పెట్టి, "తుమారీచ్ హై, లేలో. నీ నిప్పే ఇది. నాకు ఎవరిచ్చిన్రు? నువ్వేగద" అన్నది. మా అత్త ఆ నిప్పుల దిక్కు చూసి, ఖాలా దిక్కు చూసి, "నీ సిగిడికి తుప్పు పట్టింది, జెర తోముకో" అన్నది. ఇద్దరు ముసలోళ్ళూ నవ్విన్రు. తర్వాత మా అత్త బువ్వ తిన్నది.

మా అత్త పోయినంక ఆ పొయ్యిని నేను నడిపిన. నీళ్ళు కాగబెట్టుకోవడానికి మాత్రమే, అయినా మాపటికి బూడిద కప్పుడు మానలేదు. గల్లీ మారింది. బోరునీళ్ళు పచ్చబడ్డయి, తాగడానికి క్యాన్లు కొనబట్టిన్రు. గాలి వాసన మారే తీరును బట్టి ఏ కంపెనీల ఏ షిఫ్టు నడుస్తున్నదో చెప్పేటోళ్ళం. మా ఆయన డ్యూటీ అయిపోయి ఇంట్ల కూసున్నడు. ఆఖరుకు రోడ్డు వెడల్పు చేస్తమని వచ్చి గోడల మీద ఎర్ర రంగు గీతలు పెట్టిపోయిన్రు. మా ఇంటికి ఆ గీత వంటింటి అవతల పడ్డది, అంటే ఇల్లు మొత్తం రోడ్డుల పోవుడే. గల్లీ వాళ్ళు తలా ఒక దిక్కు పోయిన్రు. ఖాలా కొడుకు ఇంటికి జహీరాబాదే పోయింది. పోయేటప్పుడు నా చెయ్యి పట్టుకొని, "జాతు బేటీ", పోతున్న బిడ్డా అని ఒక్క మాట అన్నది.

ఇల్లు ఖాళీ చేసిన దినం కోడలు అడిగింది, పొయ్యిల నిప్పున్నది గద, ఏం చేద్దాం అత్తమ్మా అని. కుండల పోసుకొని పోవచ్చు. అత్త పోలేదా? కానీ అప్పటికి సామానంతా నేనే కట్టిన, నేనే మోసిన. నడుము పట్టేసింది. ఆటో ఆయన హారన్ కొడుతున్నడు. ట్రాలీల గ్యాసు సిలిండరున్నది, దుప్పట్లున్నయి, ఆయన మాత్రం ఒప్పుకుంటడా? ఈసారి దించితే దిగి నడిచే కాళ్ళు నాకు లేవు. చెంబెడు నీళ్ళు తెచ్చి పొయ్యిల పోసిన. సుయ్యిమని ఆవిరి లేచింది. మా ఆయన గడప కాడ నిలబడి చూసిండు. ఒట్టి కుండను మాత్రం ఎందుకో సంచిల వేసుకున్న.

ఆ ఒట్టి కుండ ఒళ్ళె పెట్టుకొని నేను కొత్త ఇంటి గడప మీద కూసున్న. సిలిండరుకు పెట్టే రెగ్యులేటరు ఏ సంచిల ఉన్నదో కోడలుకు దొరకలేదు. దుకాణం పోదామంటే కర్దనూర్ దాక నడవాలె. పొద్దుగూకింది. బిస్కట్ పుడ తిని పండుకుందాం అన్నడు మా ఆయన. నా లోపల జవాబు తయారైంది. రేపు పొద్దుగాల చెప్దాం, పటాన్‌చెరు పోదాం అని. ఎవ్వరూ లేని జాగల మొదట ఉండుడు మా అత్తకు చెల్లింది, నాకు చెల్లదు.

అప్పుడు నీలి తార్పాలిన్ షెడ్డు దిక్కు నుంచి ఒక ఆడమనిషి వచ్చింది. మా కోడలు ఈడుదే ఉంటది. ముక్కుకు రెండు దిక్కుల పుడకలు, తల మీద కొంగు, చేతిల స్టీలు డబ్బా. వెనుక ఆమె మొగడు చెంబు పట్టుకొని జెర దూరంల ఆగిండు. ఒడిశా నుంచి వచ్చి ఆ బంగ్లా పని చేస్తున్నరట.

"అమ్మా, ధువాఁ నహీ దిఖా" అన్నది. పొగ కనబడలేదట. సామాను దిగినప్పటి సంది మా ఇంటి దిక్కు చూస్తున్నదట, పొగ లేస్తదేమోనని. లేవకపోయేసరికి వండినదాంట్ల నుంచి తీసి తెచ్చింది. డబ్బాల అన్నం, కూరగాయలు వేసిన పప్పు. వద్దని అందామని నోరు తెరిచిన, కానీ నా చేతులు అప్పటికే డబ్బా పట్టుకున్నయి. మీరు ఎప్పుడొచ్చిన్రు బిడ్డా అని అడిగిన. వానలకు ముందే వచ్చిన్రట. ఈ ప్లాట్లల్ల తెల్ల రాళ్ళు పాతింది ఆమె మొగడేనట. మా ప్లాటు మూలలవి కూడ. మరి ఇక్కడనే ఉంటరా అంటే, నవ్వి, బంగ్లా అయిపోతే ఇంకో కాడికి అని చెయ్యి ఊపింది.

మేమే మొదలు అనుకొని కూసున్నం. మా ఆయన ఆ పప్పన్నం మూడుసార్లు పెట్టించుకొని తిన్నడు. వాళ్ళ పప్పుల తీపి ఉన్నదని వంక పెట్టుకుంటనే తిన్నడు. నేను తినుకుంట ఆ మసి పట్టిన మూడు రాళ్ళ గురించి ఆలోచించిన. మా అత్త ఆ మాట కాడ గొంతు ఎందుకు తగ్గించేదో, ఇన్నేండ్లకు జెర తెలిసినట్టు అనిపించింది.

తెల్లారి లేచి డబ్బా తోమిన. ఒట్టి డబ్బా తిరిగియ్యరు గనుక గుప్పెడు బెల్లం వేసిన. ఆ చేతిల డబ్బా, ఈ చేతిల కుండ పట్టుకొని షెడ్డు కాడికి పోయిన. ఆమె పొయ్యి ముందట కూసోని ఉన్నది. జెర నిప్పియ్యి బిడ్డా అన్న. ఆమె అగ్గిపెట్టె తీసి ఇయ్యబోయింది. కాదని కుండ చూపిచ్చిన. నన్ను ఒకసారి ఎగాదిగా చూసి, రెండు పుల్లలతోటి నిప్పులు ఏరి కుండల వేసి, మీద తన పొయ్యిల బూడిదనే కప్పింది. మళ్ళ మా వాకిట్లకు వచ్చి మూడు రాళ్ళు జరుపుకొని పొయ్యి పెట్టిన. ఊదుతుంటే కండ్లల్ల నీళ్ళొచ్చినయి, పొగకే. మా ఆయన బయటికొచ్చి ఆ పొగ దిక్కు చూసిండు. నిన్న అడిగిన మాట మళ్ళ అడగలేదు. లోపలికి పోయి మంచానికి కట్టిన తాడు విప్పుడు మొదలుపెట్టిండు. నేను పొయ్యి మీద బువ్వ పెట్టి, ఈ నెల అమాస ఎన్నడో చూద్దామని క్యాలెండరు వెతికిన. అది ఇంక ఏ సంచిలనో ఉన్నది. దొరికినప్పుడే చూద్దాం అనుకున్న. ఆ అమాస దాటనీకి మా అత్తకు ఒక జన్మ పట్టింది.